నల్లబెల్లం వ్యాజ్యాలు

1993 అక్టోబర్ 1న ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో సారా అమ్మకం ఆగింది. బట్టీలు ఆగలేదు. కరీంనగర్, ఆదిలాబాద్ పల్లెల్లో గుడుంబా కాయడానికి నల్లబెల్లం, పటిక వాడారు. దాంతో ఆబ్కారీ సిబ్బంది లారీల్లో, దుకాణాల్లో బెల్లం పట్టుకోసాగారు.

సరుకు విడిపించమంటూ వ్యాపారులు హైకోర్టుకెక్కారు.

నల్లబెల్లం పశువుల దాణాలోనూ కలుపుతారు. 1968 ఎక్సైజ్ చట్టం 34(ఇ) సెక్షన్ ప్రకారం సారా కాయడం కోసం ముడిసరుకు దగ్గర పెట్టుకుంటే నేరం. అంటే తగువంతా బెల్లం గురించి కాదు, అది ఎవరికి, ఎందుకు వెళ్తోందన్న దాని గురించే. ‘గణేష్ ట్రేడర్స్ వర్సెస్ కరీంనగర్ జిల్లా కలెక్టర్’ వ్యాజ్యం ఫుల్ బెంచి దాకా వెళ్లింది.

వాయిదాలు పడేకొద్దీ బెల్లం పాడవుతుంది. వానాకాలం తేమకు దిమ్మలు చెమర్చి, పాకంలా గోనెసంచుల్లోంచి కారిపోతాయి, చీమలు పడతాయి. పట్టుబడ్డ వస్తువులను ఠాణాల్లో ఏళ్లతరబడి ఉంచొద్దని, పంచనామా, ఫొటోలు, పూచీకత్తు తీసుకుని త్వరగా తేల్చాలని 2002లో సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

గుడుంబా ఎన్నో కాపురాలు కూల్చింది, దాడులు జరగాల్సిందే. అయితే పాడయ్యే సరుకు మీద వచ్చే పిటిషన్లను అధికారులు, కోర్టులు రోజుల్లోనే తేల్చాలి.