పొగలో ధూళిని పట్టిన కరెంటు

ఇంగ్లండ్ ఉత్తర ప్రాంతంలో అలెన్‌డేల్ అనే ఊరికి పైన, చెట్టూ చేమా లేని గుట్ట మీద, రెండు పాత పొగగొట్టాలు ఇప్పటికీ నిలబడి ఉన్నాయి. వాటి కింద ఫ్యాక్టరీ లేదు, కొలిమీ లేదు. కొలిమి ఉండేది కిలోమీటర్ల దూరాన, లోయలో. అక్కడ సీసం ఖనిజాన్ని కరిగిస్తే లేచిన పొగ, నేల మీద రాతితో కట్టిన పొడవాటి గొట్టం గుండా గుట్టెక్కి ఇక్కడ బయటపడేది. ఊరిని పొగ నుంచి కాపాడటం ఒక్కటే దీని ఉద్దేశం కాదు. పొగతో పాటు సీసం, దానితో కొంత వెండి కూడా ఆవిరై పోతుండేవి. అంత దూరం నడిచేసరికి పొగ చల్లారి, అవి గొట్టం గోడలకు పొరలా పేరుకునేవి. కొన్నాళ్లకొకసారి పనివాళ్లు లోపలికి దూరి ఆ పొరను గీకి తీస్తే, అది మళ్లీ కొలిమికి చేరేది. గీకినవాళ్ల ఒంట్లోకి ఎంత సీసం చేరి ఉంటుందో తలచుకుంటేనే గుండె బరువెక్కుతుంది.

పంతొమ్మిదో శతాబ్దంలో పొగలోంచి ధూళిని వేరుచేయడమంటే చాలాచోట్ల ఇంతే. పొగను ఎక్కువ దూరం నడిపించడం, చల్లార్చడం, వేగం తగ్గించడం, బరువైన రేణువులు వాటంతట అవే కింద పడేదాకా ఆగడం. పడనివి గాల్లో కలిసేవి.

పిండిమిల్లులకు మాత్రం ఆగే వీలు లేకపోయింది. 1878 మే 2న అమెరికాలోని మినియాపోలిస్‌లో వాష్‌బర్న్ పిండిమిల్లు పేలిపోయింది. గాల్లో తేలుతున్న పిండిధూళి అంటుకోవడమే కారణం. పద్దెనిమిది మంది చనిపోయారు. అప్పటినుంచి ధూళిని పట్టే పరికరాల కోసం వెతుకులాట జోరందుకుంది. 1885లో మిషిగన్ రాష్ట్రంలోని జాక్సన్‌కు చెందిన జాన్ ఫించ్ పేరిట సైక్లోన్‌కు పేటెంట్ వచ్చింది. పైన గుండ్రంగా ఉండి కిందికి సన్నబడే రేకు డబ్బాలోకి ధూళిగాలిని పక్కనుంచి వేగంగా వదులుతారు. గాలి సుడి తిరుగుతుంది, రేణువులు అంచుకు విసిరేసినట్టు వెళ్లి గోడను తాకి కిందికి జారుతాయి, శుభ్రపడిన గాలి మధ్యలోంచి పైకి పోతుంది. మన రైస్ మిల్లుల్లో ఊకనూ ధూళినీ గాలి నుంచి వేరుచేసే డబ్బాలు ఈ కుటుంబంలోవే. అదే దశాబ్దంలో జర్మనీలోని ల్యూబెక్‌లో విల్హెల్మ్ బెట్ గుడ్డ సంచుల ఫిల్టర్లను తయారుచేశాడు. ఇప్పటి సిమెంటు ఫ్యాక్టరీల బ్యాగ్ ఫిల్టర్లకు పూర్వీకులు అవి.

అయితే సైక్లోన్‌కు సన్నని రేణువులు చిక్కవు. ఆనాటి గుడ్డ సంచులు వేడికీ ఆమ్లానికీ నిలబడేవి కావు. లోహాన్ని కరిగించి తీసే స్మెల్టర్లలోంచి వచ్చే పొగ వేడిది, సన్నరేణువులది, ఆమ్లం నిండినది. దాన్ని పట్టడానికి మరో దారి కావాల్సి వచ్చింది. ఆ దారి ప్రయోగశాలల్లో ఎప్పటినుంచో ఉంది.

1824లో లైప్‌జిగ్‌లో హోల్ఫెల్డ్ అనే లెక్కల మాస్టారు ఒక సీసాలో పొగ నింపి, అందులో ఒక తీగ పెట్టి దానికి విద్యుత్తు ఇచ్చాడు. పొగ తేటపడింది. సంగతి పత్రికలో అచ్చయింది, అంతటితో మరుగున పడింది. అరవై ఏళ్ల తర్వాత లివర్‌పూల్‌లో భౌతికశాస్త్రం బోధించే ఆలివర్ లాడ్జ్, హోల్ఫెల్డ్ సంగతి తెలియకుండానే, ఇదే విషయాన్ని మళ్లీ కనిపెట్టాడు. ఆయన మాటలు విని, ఉత్తర వేల్స్‌లో బాగిల్ట్ దగ్గర సీసం కరిగించే ఆల్ఫ్రెడ్ వాకర్ ముందుకొచ్చాడు. పొగగొట్టంలోంచి పోతున్న సీసాన్ని కరెంటుతో పట్టేస్తే అన్ని కిలోమీటర్ల రాతిగొట్టంతో పనే ఉండదు కదా!

1885లో యంత్రం పెట్టారు, అది పనిచేయలేదు. విద్యుత్తు కోసం వాళ్లు నమ్ముకున్నది విమ్‌షర్స్ట్ యంత్రాన్ని. పెద్ద గాజు చక్రాలను ఆవిరి ఇంజనుతో తిప్పితే నిప్పురవ్వలైతే వస్తాయి కానీ, ఫ్యాక్టరీ పొగకు సరిపడా కరెంటు రాదు. పైగా సీసం పొగ తేలిగ్గా లొంగే రకం కాదు, దాని రేణువులు విద్యుత్తును అంత సులువుగా తమ గుండా పోనివ్వవు. ఆలోచన సరైనదే, కానీ కాలం కంటే ముందే వచ్చింది. ఎక్కువ వోల్టేజీ కరెంటును నమ్మకంగా ఇచ్చే సాధనం అప్పటికింకా పుట్టలేదు.

ఇక్కడినుంచి కథ కాలిఫోర్నియాకు మారుతుంది. ఫ్రెడరిక్ గార్డ్‌నర్ కాట్రెల్ 1877లో ఓక్లండ్‌లో పుట్టాడు. హోల్ఫెల్డ్ ఊరైన లైప్‌జిగ్‌లోనే 1902లో డాక్టరేట్ చేసి, తిరిగొచ్చి బర్క్‌లీ విశ్వవిద్యాలయంలో రసాయనశాస్త్రం బోధించాడు. శాన్‌ఫ్రాన్సిస్కో అఖాతం ఒడ్డున పినోల్‌లో ద్యూపాంట్ వారి పేలుడు పదార్థాల ఫ్యాక్టరీ ఉండేది. అక్కడ సల్ఫ్యూరిక్ ఆమ్లం తయారీలో ఆర్సెనిక్ చేరి పనిని పాడుచేస్తోంది. దాన్ని తొలగించే ప్రయత్నంలో ఆమ్లం పొగమంచులా మారి చేతికి చిక్కకుండా పోతోంది. గిరగిరా తిప్పి వేరుచేద్దామని కాట్రెల్ మొదట ప్రయత్నించాడు. అది సరిపడలేదు. అప్పుడు లాడ్జ్ ప్రయోగాలు గుర్తుకొచ్చాయి. లాడ్జ్‌కు లేనిది కాట్రెల్‌కు ఉంది. అప్పటికి ఊళ్లలోకి కరెంటు తీగలు వచ్చేశాయి. వోల్టేజీని పెంచే ట్రాన్స్‌ఫార్మర్ దొరుకుతోంది. అటూ ఇటూ మారే కరెంటును ఒకే దిశలో పంపడానికి, అదే లయలో తిరిగే ఒక యాంత్రిక స్విచ్చును ఆయన సమకూర్చుకున్నాడు.

అయినా ఫలితం సరిగా రాలేదు. చీకట్లో పనిచేస్తున్నప్పుడు ఒక వింత కంటపడింది. నూలు చుట్టిన తీగ ఒకటి ఊదారంగులో మెరుస్తోంది. వట్టి లోహపు భాగం మాత్రం మెరవడం లేదు. నూలు పోగుల సన్నని కొసల్లోంచి విద్యుత్తు గాల్లోకి సమంగా జారుతోందని ఆయనకు అర్థమైంది. కరెంటు పంపే తీగకు నూగులాంటి పోగులుంటే చాలన్నమాట. శాస్త్రంలో ఎన్నో మలుపులు పెద్ద సిద్ధాంతాలతో వస్తాయి. ఈ మలుపు మాత్రం దీపం వెలుతురు తగ్గిన గదిలో, చూడాల్సిన వైపు చూసిన కంటి వల్ల వచ్చింది. పేటెంట్ కోసం 1907లో దరఖాస్తు చేశాడు, 1908 ఆగస్టులో వచ్చింది.

ఫ్యాక్టరీలో పూర్తి స్థాయిలో మొదటిసారి వాడింది సెల్బీలో. అదీ ఆ అఖాతం ఒడ్డునే ఉన్న స్మెల్టర్. గాలి వీచే వైపున ఉన్న సొలానో కౌంటీ రైతులు, పొగ తమ పంటలనూ పశువులనూ పాడుచేస్తోందని కోర్టుకెక్కారు. ఫ్యాక్టరీ మూతపడే పరిస్థితి. యజమాని కాట్రెల్‌ను పిలిపించింది పొగలో పోయే సరుకు మీద ఆశతో కాదు, కోర్టు భయంతో. వాకర్‌కూ ఆ యజమానికీ మధ్య ఇరవై ఏళ్ల తేడా అంతా ఇక్కడే ఉంది. ఈ యంత్రాన్ని కనిపెట్టినవాళ్లలో ఆ రైతులను కూడా చేర్చాలి. వాళ్ల దావాలే లేకపోతే ఇది ఇంకొన్నాళ్లు ప్రయోగశాల సీసాలోనే ఉండేది.

సెల్బీలో ఆమ్లపు పొగమంచు దిగొచ్చింది. ఆ వెంటనే ఒక పరాజయమూ ఎదురైంది. ఉత్తర కాలిఫోర్నియాలోని బాలక్లాలా రాగి స్మెల్టర్‌లో 1910లో భారీగా పెట్టిన యంత్రం ధూళిని పట్టింది. కానీ పంటలను మాడ్చే గంధకపు వాయువు దానికి చిక్కలేదు. వాయువు రేణువు కాదు కాబట్టి చిక్కదు. రైతుల పట్టు సడలలేదు, స్మెల్టర్ ఆ మరుసటి ఏడే మూతపడింది. ఈ యంత్రానికి ఏది చేతనవునో ఏది చేతకాదో అప్పుడే తేటతెల్లమైంది.

దక్షిణ కాలిఫోర్నియాలోని రివర్‌సైడ్ సిమెంటు ఫ్యాక్టరీ కథ వేరు. చుట్టూ నారింజ తోటలు. ఆకుల మీద సిమెంటు ధూళి పేరుకుంటోందని తోటల యజమానులు కేసులు వేశారు. కాట్రెల్ శిష్యుడు వాల్టర్ ష్మిట్ అక్కడ నూలు పోగుల బదులు సన్నని లోహపు తీగలు వాడి, వోల్టేజీని బాగా పెంచి, బట్టీ వేడికి తట్టుకునే యంత్రం కట్టాడు. ఇప్పటి యంత్రాలు చాలావరకు ఈ దారినే నడుస్తున్నాయి. మొదటి ప్రపంచయుద్ధం వచ్చి జర్మనీ నుంచి పొటాష్ ఎరువు ఆగిపోయినప్పుడు, ఆ ధూళిలో పొటాష్ ఉందని గుర్తొచ్చింది. కోర్టు ఖర్చులు తెచ్చిపెట్టిన ధూళే ఎరువుగా అమ్ముడుపోయింది.

కాట్రెల్ ఈ పేటెంట్లతో కోటీశ్వరుడు కావచ్చు. అలా చేయలేదు. వాటి హక్కులను ఇచ్చేసి, వచ్చే రాబడి మొత్తం శాస్త్ర పరిశోధనలకు పోయేలా 1912లో న్యూయార్క్‌లో రీసెర్చ్ కార్పొరేషన్ అనే సంస్థ ఏర్పడేలా చూశాడు. ఎర్నెస్ట్ లారెన్స్ సైక్లోట్రాన్‌కూ, రాబర్ట్ గొడార్డ్ రాకెట్ ప్రయోగాలకూ ఆ సంస్థ నుంచి డబ్బు అందింది. ఫ్యాక్టరీ పొగలోంచి వచ్చిన డబ్బు పరమాణు కేంద్రకాన్ని ఛేదించే యంత్రానికి చేరింది. కాట్రెల్ పేరు ఇంజనీర్ల పుస్తకాల్లో తప్ప బయట వినిపించకపోవడం అన్యాయమే.

బొగ్గు కరెంటు కేంద్రానికి ఈ యంత్రం 1923లో వచ్చింది. డెట్రాయిట్ దగ్గరి ట్రెంటన్ చానెల్ కేంద్రంలో, బొగ్గును పిండిలా నూరి కాల్చే కొత్త పద్ధతి వల్ల బూడిద చాలావరకు పొగతోనే ఎగిరిపోసాగింది. దాన్ని ఆపక తప్పలేదు. అప్పటినుంచి థర్మల్ కేంద్రమూ ఎలక్ట్రోస్టాటిక్ ప్రెసిపిటేటరూ జంట అయిపోయాయి. మన ప్లాంట్లలో అందరూ దాన్ని ఈఎస్‌పీ అనే అంటారు.

పెద్ద భవనమంత ఉక్కు పెట్టెలో నిలువు పలకలు వరుసలుగా వేలాడుతుంటాయి. పలకల మధ్య తీగలు, వాటికి కొన్ని పదుల వేల వోల్టుల కరెంటు. తీగ చుట్టూ గాలి విద్యుదావేశం పొందుతుంది, ఆ ఆవేశం బూడిద రేణువులకు అంటుతుంది, రేణువులు పలకకు లాగబడి అతుక్కుంటాయి. కాసేపటికొకసారి సుత్తులు పలకలను కొడితే, పరుపు దులిపినట్టు బూడిద పొరలుపొరలుగా కింది హాపర్లలో పడుతుంది. పొగ లోపల సెకనుకు ఒక మీటరు అటూఇటూగా నెమ్మదిగా నడవాలి, అందుకే ఆ పెట్టె అంత పెద్దది. పెట్టెను ఫీల్డులుగా విభజిస్తారు. మొదటి ఫీల్డు నూటికి తొంభై పాళ్లు పడితే, రెండోది మిగిలిన పదిలో తొమ్మిది పడుతుంది. ఇలా ఒక్కో ఫీల్డుకీ ఫలితం సన్నగిల్లుతూ పోతుంది. ఈ లెక్కను 1922లో జర్మనీకి చెందిన డాయిష్ సూత్రంగా చెప్పాడు.

ఆ చివరి పాళ్లు ఎందుకంత ముఖ్యమో మన దేశపు బొగ్గే చెబుతుంది. మనకు దొరికే బొగ్గులో మూడో వంతుకు పైగా బూడిదే. 500 మెగావాట్ల యూనిట్ గంటకు మూడు వందల టన్నులకు పైగా బొగ్గు తింటుంది. అందులోంచి పొగతో ఎగిరే బూడిదే సుమారు వంద టన్నులు. నూటికి 99 పాళ్లు పట్టినా గంటకో టన్ను బయటికి పోతుంది. 99.9 పట్టగలిగితే అది వంద కిలోలకు దిగుతుంది. పైకి చిన్నగా కనిపించే ఆ తేడా, చిమ్నీ నీడన బతికే ఊళ్లకు పది రెట్ల తేడా.

మరో చిక్కు ఉంది. మన బొగ్గులో గంధకం తక్కువ. ఒక రకంగా అదృష్టమే. కానీ పొగలో గంధకపు ఆమ్లం కొంచెమైనా ఉంటేనే బూడిద విద్యుత్తును పోనిస్తుంది. అది లేకపోతే పలకకు పట్టిన బూడిద పొరలో ఆవేశం పేరుకుని, అక్కడినుంచే వెనక్కి చిమ్మడం మొదలవుతుంది. వాకర్‌ను ఓడించిన చిక్కే ఇదీ. అందుకే మన ఈఎస్‌పీలు విదేశాల్లో వాటికంటే పెద్దవి కావాల్సి వస్తాయి. కొన్నిచోట్ల పొగలోకి అమ్మోనియానో గంధకపు ఆమ్లవాయువునో చిటికెడు కలిపి బూడిదను దారికి తెస్తారు. తమిళనాడులోని రాణిపేటలో బీహెచ్‌ఈఎల్ ఈ యంత్రాలను తయారుచేస్తుంది.

పట్టిన బూడిద ఎక్కడికి పోవాలి? ఈ ప్రశ్నకు ఒక మంచి జవాబు విశాఖపట్నం నుంచి వచ్చింది. ఎన్. భానుమతీదాస్, ఎన్. కాళిదాస్ నడిపిన ఇన్‌స్వారెబ్ సంస్థ, ఫ్లై యాష్ అనే ఈ బూడిదలో సున్నం, జిప్సం కలిపి ఇటుకలు చేసే ఫాల్-జి పద్ధతిని రూపొందించింది. బట్టీ అక్కర్లేదు, కాల్చడానికి బొగ్గూ అక్కర్లేదు, పొలంలోంచి మట్టి తవ్వే పనీ లేదు. చిన్న పెట్టుబడితో ఊళ్లలోనే ఇటుకల యూనిట్లు పెట్టుకునే వీలు కలిగింది. ఫ్లై యాష్ వాడకాన్ని పెంచాలంటూ 1999లో కేంద్రం నోటిఫికేషన్ ఇచ్చింది. పోజొలానా సిమెంటులో నూటికి 15 నుంచి 35 పాళ్ల దాకా ఈ బూడిదే ఉండొచ్చు. ఇంత దారి ఉన్నా, వాడకానికి పోని బూడిదను నీళ్లలో కలిపి చెరువుల్లోకి వదులుతారు. ఎండాకాలంలో ఆ చెరువు ఆరితే చిమ్నీ దగ్గర పట్టిన ధూళి మళ్లీ ఇళ్ల మీదికి లేస్తుంది. చెరువును తడిగా ఉంచడం, మట్టి కప్పడం, చెట్లు పెంచడం తెలియని విద్యలేమీ కావు. వాటిని వాయిదా వేయడం క్షమించరానిది.

2015 డిసెంబరులో కేంద్రం పరిమితులను బిగించింది. 2017 నుంచి కట్టే కేంద్రాల చిమ్నీలోంచి ఒక ఘనపు మీటరు పొగలో 30 మిల్లీగ్రాములకు మించి ధూళి రాకూడదు. 2004 నుంచి 2016 దాకా కట్టినవాటికి 50, అంతకుముందువాటికి 100. గంధకపు వాయువుకూ అప్పుడే పరిమితులు పెట్టారు. బాలక్లాలాలో తేలినట్టు అది ఈఎస్‌పీకి చిక్కదు, దానికి వేరే పరికరం కావాలి. 2025 జూలైలో చాలా కేంద్రాలను ఆ పరికరం పెట్టే బాధ్యత నుంచి తప్పించారు. ధూళి విషయంలో మాత్రం సడలింపు ఇవ్వలేదు. కాలుష్యం ఎక్కువుండే పరిశ్రమల చిమ్నీల్లో నిరంతరం కొలిచే మీటర్లు పెట్టి, రీడింగులు నేరుగా తమకు చేరేలా చూడాలని కేంద్ర కాలుష్య నియంత్రణ మండలి 2014లోనే ఆదేశించింది. ఏ రాత్రి ఏ ఫీల్డు పడిపోయినా ఆ అంకె పెరగాలి. సొలానో రైతులకు కోర్టులో చూపించడానికి ఎండిన పంటలే ఉండేవి. పరవాడ, పాల్వంచ, రామగుండం థర్మల్ కేంద్రాల చుట్టుపక్కల ఊళ్లవాళ్లు అడిగి తీసుకోవాల్సింది గంట గంటకూ నమోదయ్యే ఆ రీడింగులను.