తంగేడు చెక్క, ద్రాక్షపండు

సర్రీలో ఫ్రేజర్ నదికి దగ్గరగా టానరీ రోడ్ అనే వీధి ఉన్నది. టానరీ అంటే తోళ్లు పదును చేసే చోటు. ఇక్కడికి తూర్పున ఉన్న ఒకనాగన్ లోయ ద్రాక్షతోటలకూ, వైన్‌కూ పేరు పొందినది. ఈ రెండు వృత్తులకూ మన పల్లెలకూ ఒక చుట్టరికం ఉన్నదని మన పిల్లలకు తెలియజెప్పాలని మా కోరిక.

ఆ చుట్టరికం పేరు టానిన్. ద్రాక్ష తొక్కలోనూ, గింజలోనూ, ఓక్ పీపాలోనూ ఉండి వైన్‌కు వగరు నిచ్చేది అదే. ఐరోపాలో ఓక్ బెరడు నుండి దిగి పచ్చితోలును కుళ్లకుండా కాపాడినదీ అదే. మన దక్షిణ దేశంలో ఆ పని తంగేడు చేసింది.

తోలును సున్నపు నీటిలో నానబెట్టి, వెంట్రుకలు ఊడదీసి, కండ గీకి, కడిగి లందలో వేసేవారు. లంద అంటే తంగేడు చెక్క ఊరిన నీటి తొట్టి. ముందు పలుచని రసం, పిదప చిక్కనిది. మొదటే చిక్కనిది పోస్తే పైపొర బిగిసి లోపల పచ్చిగా మిగులుతుంది. తంగేడుతో ఊరిన తోలు వెలుతురుకు ఎర్రబడుతుంది గనుక చివర కరక్కాయ నీరు పట్టించేవారు. లందలో పట్టేవి కొన్ని తోళ్లే. పీపాలోని వైన్ వలెనే దానినీ తొందరపెట్టరాదు. 1884లో న్యూయార్కులో అగస్టస్ షుల్జ్ క్రోమ్ పద్ధతికి పేటెంటు పొందిన పిమ్మట వారాల పని రోజులలోకి వచ్చింది.

అయితే వైన్ చేసినవానికి దక్కిన మర్యాద మన లంద దగ్గర నిలిచినవానికి దక్కలేదు. మాదిగవాడ కుట్టిన కపిల బానతో ఊరి పొలాలు తడిశాయి; ఊరి బావి నీరు మాత్రం ఆ వాడకు అందలేదు. చెప్పులు కుట్టి, డప్పు బిగించి, కళ్లంలో కొలిచిన గింజలతో బతికారు. 1941లో గుఱ్ఱం జాషువా తన గబ్బిలం కావ్యానికి చెప్పులు కుట్టి జీవించేవానినే నాయకుణ్ణి చేశారు. 1950లో రాజ్యాంగం అస్పృశ్యతను నిషేధించింది. చట్టం మారినంత త్వరగా మనసులు మారలేదు.

మాలో కొందరి ముత్తాతలు లంద దగ్గర పని చేసినవారు. కొందరివారు ఆ వాడను తప్పించుకొని నడిచినవారు. ఇక్కడ ఒకే పందిరి కింద కూర్చున్నాము. బతుకమ్మలో పేర్చే తంగేడు పూవు 2014లో ఏర్పడిన తెలంగాణకు రాష్ట్ర పుష్పమైనది. పూవును కొలిచే మనము, దాని చెక్కతో ఊరికి నీరు తోడిపెట్టిన చేతులను కూడ మన చరిత్రలో చేర్చుకొందాము.