అచ్చంపేట (పల్నాడు జిల్లా)

అచ్చంపేట, ఆంధ్ర ప్రదేశ్ రాష్ట్రములోని పల్నాడు జిల్లాకు చెందిన ఒక గ్రామము, అదే పేరుగల మండలమునకు కేంద్రము. పూర్వము ఇది గుంటూరు జిల్లా సత్తెనపల్లి తాలూకాలో ఉండేది. 1985లో మండల వ్యవస్థ వచ్చినపుడు మండల కేంద్రమైనది. 2022 ఏప్రిల్ 4న ఏర్పడిన పల్నాడు జిల్లాలో చేరినది. పెదకూరపాడు శాసనసభ నియోజకవర్గములో ఉన్నది.

భౌగోళికము

మండలమునకు ఉత్తరమున కృష్ణా నది సరిహద్దు. తూర్పున అమరావతి, దక్షిణమున క్రోసూరు, పడమర బెల్లంకొండ మండలములు కలవు. పత్తి, మిరప ముఖ్యమైన పంటలు. నదీతీరమున గల మాదిపాడుకు ఆవలి ఒడ్డున ఎన్.టి.ఆర్. జిల్లాకు చెందిన ముక్త్యాల ఉన్నది.

చరిత్ర

వేల్పూరులో లభించిన బ్రాహ్మీ లిపి ప్రాకృత శాసనము సద వంశీయుడైన ఐర మహారాజు మానసదుని పేర్కొనును. ఇదే గ్రామములోని విష్ణుకుండిన మాధవవర్మ శాసనము దంతిముఖస్వామి, అనగా వినాయకుని ప్రతిష్ఠను తెలుపును. ఆంధ్రదేశమున గణపతి ఆరాధనకు లభించిన తొలి శాసనాధారములలో ఇది ఒకటి.

కృష్ణ ఒడ్డున గల చింతపల్లి వాసిరెడ్డి వారి రాజధానిగా ఉండెను. జమీందారు రాజా వాసిరెడ్డి వెంకటాద్రినాయుడు 18వ శతాబ్ది చివర రాజధానిని అమరావతికి మార్చెను. ఆ నూతన పట్టణ నిర్మాణమునకు దీపాలదిన్నెను త్రవ్వి ఇటుకలు, రాళ్ళు తీసికొనిపోవుటతో అచటి బౌద్ధ స్తూపము వెలుగులోనికి వచ్చినది. ఆ త్రవ్వకములలోనే చాలావరకు నశించినది కూడా. ఆయన తండ్రి జగ్గయ్య పేరిట జగ్గయ్యపేట, తల్లి అచ్చమ్మ పేరిట అచ్చంపేట వెలసినవని ప్రతీతి.

కృష్ణా నది, పులిచింతల

ఎగువన బెల్లంకొండ మండలములో కృష్ణా డెల్టా సాగునీటికై పులిచింతల ప్రాజెక్టు నిర్మించిరి. 2004లో శంకుస్థాపన జరిగి, 2013 డిసెంబరులో జాతికి అంకితమైనది. దీని నిల్వ సామర్థ్యము 45.77 టి.ఎం.సి.లు. వజ్రపు గనులకు ప్రసిద్ధిగాంచిన కొల్లూరు ఈ జలాశయములో మునిగినది. 2021 ఆగస్టు 5న 16వ గేటు కొట్టుకొనిపోగా, మరమ్మతులకై నీటిమట్టమును తగ్గించుటకు పెద్దఎత్తున నీటిని దిగువకు వదలవలసి వచ్చినది.

అదే సంవత్సరము డిసెంబరు 10న మాదిపాడు వద్ద స్నానమునకు నదిలో దిగిన ఐదుగురు వేద పాఠశాల విద్యార్థులు, వారి గురువు మునిగి మరణించిరి. ఈ ప్రాంతమునకు నది జీవనాధారమే అయినను, పైకి నిదానముగా కనిపించు నీటిలో లోతైన గుంటలు, సుడులు ఉండవచ్చును. కావున తెలియని రేవులలో దిగరాదు.