స్మిత్‌ఫీల్డ్ సంతకు పశువుల దారి

పంతొమ్మిదో శతాబ్ది నడిమి వరకు లండన్ ప్రజల ఆహారానికి కావలసిన పశువులను ప్రాణంతోనే, వీధుల గుండా తోలుకుంటూ, నగరం నడిబొడ్డున ఉన్న స్మిత్‌ఫీల్డ్ సంతకు చేర్చేవారు. పన్నెండో శతాబ్దిలోనే గుర్రాల సంతగా పేరుపొందిన ఈ మైదానంలో 1638 నాటి రాజశాసనం పశువుల సంతను లాంఛనంగా స్థిరపరచగా, 1850 ప్రాంతానికి అక్కడ ఏటా రెండు లక్షలకు పైగా ఎడ్లు, ఆవులు, సుమారు 15 లక్షల గొర్రెలు అమ్ముడుపోయేవి.

వేల్స్, స్కాట్లండ్ వంటి దూర ప్రాంతాల నుంచి మందలను వారాల తరబడి నడిపించి తెచ్చేవారిని డ్రోవర్లు అనేవారు. రాతి బాటల మీద గిట్టలు అరగకుండా వేల్స్ పశువులకు ముందుగానే నాడాలు కొట్టించేవారు. గిట్ట రెండుగా చీలి ఉంటుంది కనుక, మన బండి ఎద్దులకు వేసినట్లే, ఒక్కో కాలికి రెండేసి ముక్కలు వేయవలసి వచ్చేది. ఉత్తరాన ఇస్లింగ్టన్ దొడ్లలో మేత, విశ్రాంతి దొరికిన తరువాత, సోమవారం తెల్లవారేసరికి సంతలో నిలపడానికి మందలను ఆదివారం రాత్రే సెయింట్ జాన్ వీధి మీదుగా తోలేవారు. పవిత్ర దినాన సాగే ఆ అరుపులు, ములుకోల పోట్లు భక్తులకు కంటగింపుగా ఉండేవి. అంతకన్నా పెద్ద ప్రమాదం బెదిరిన ఎడ్లతో వచ్చేది. అల్లరిమూకలు కావాలనే ఒక ఎద్దును మంద నుంచి విడగొట్టి, వీధుల్లో తరిమి వినోదించేవి.

ఆక్స్‌ఫర్డ్ వీధి, హోబర్న్‌ల మీద ఈ మందల రద్దీ తగ్గించడానికి 1756లో చట్టం చేసి నగరం వెలుపల న్యూ రోడ్ వేశారు; నేటి మారిల్‌బోన్, యూస్టన్ రోడ్లు దాని భాగాలే. రైళ్లు వచ్చాక సుదూర నడక తగ్గినా, స్టేషన్ నుంచి సంతకు వీధులే దిక్కయ్యాయి. అయినా సంత కదలలేదు. దాని సుంకాలు నగర కార్పొరేషన్‌కు ఆదాయం కావడమే ఇందుకు ముఖ్య కారణమనుకోవాలి. చివరకు 1852 చట్టం మేరకు 1855లో సంతను ఇస్లింగ్టన్‌లోని కోపెన్‌హేగన్ ఫీల్డ్స్‌కు తరలించారు.

అక్కడ కొన్న పశువులను నగరంలోని కబేళాలకు మళ్లీ వీధుల వెంటే తోలవలసి రావడంతో తరలింపు సగం పరిష్కారమే అయింది. మిగిలిన సగాన్ని 1867 నాటి మహానగర వీధుల చట్టం గడియారానికి అప్పగించింది: పోలీసు కమిషనర్ అనుమతి లేనిదే ఉదయం 10 నుంచి రాత్రి 7 గంటల వరకు వీధుల్లో పశువులను తోలడం నేరమైంది. మరుసటి ఏడు స్మిత్‌ఫీల్డ్‌లో కోసిన మాంసం అమ్మే కొత్త విపణి తెరుచుకుంది. దాని కిందనే రైలు పట్టాలు ఉండేవి.