వకాలత్: ఎదుటిపక్షం అంగీకారం అవసరమా?

తెలుగునాట కచేరీ మెట్లెక్కిన ప్రతి ఒక్కరూ ఎరిగిన మాటలు వకీలు, వకాల్తా. ఇవి అరబీ భాషనుండి వచ్చినవి. తన పనిని మరొకరికి అప్పగించడం వకాలత్, అప్పగించినవాడు మువక్కిల్, ఆ పని స్వీకరించినవాడు వకీల్. గుహవాసులు తమలో ఒకరికి వెండి నాణెమిచ్చి ఆహారం కొరకు పట్టణానికి పంపిన వృత్తాంతాన్ని (ఖుర్ఆన్ 18:19) ధర్మశాస్త్రవేత్తలు దీనికి ఆధారంగా చూపారు.

వివాదంలో తన తరఫున మాట్లాడేందుకు కూడా వకీలును నియమించుకోవచ్చునా? హజ్రత్ అలీ (రజి) తన వివాదాలలో మొదట సోదరుడు అఖీల్‌ను, ఆయన వృద్ధుడైన పిమ్మట అబ్దుల్లా బిన్ జాఫర్‌ను నియమించారని ‘హిదాయా’ గ్రంథకర్త మర్గీనానీ (మరణం హి.శ. 593, క్రీ.శ. 1197) పేర్కొన్నారు. కనుక నియామకం ధర్మసమ్మతమే. అయితే ఎదుటిపక్షం ఒప్పుకోకపోయినా ఆ వకీలు ఖాజీ ముందు నిలబడగలడా అన్న విషయంలో హనఫీ ఇమాములు భిన్నాభిప్రాయులయ్యారు.

ఎదుటివాని అంగీకారం లేనిదే అట్టి నియామకం అతనిని బంధించదని ఇమామ్ అబూ హనీఫా (మరణం హి.శ. 150, క్రీ.శ. 767) అన్నారు. ఎందుకనగా, వాదికి జవాబు చెప్పడం ప్రతివాది స్వయంగా తీర్చవలసిన బాధ్యత. వాదనలో అందరూ ఒక్కటి కారు. గడుసు వకీలు వస్తే ఎదుటివానికి నష్టం కలుగవచ్చు. రోగికీ, దూరప్రయాణంలో ఉన్నవానికీ మాత్రం ఈ షరతు లేదు. పరదా పాటించే స్త్రీకి కూడా ఈ మినహాయింపు వర్తిస్తుందని తరువాతి పండితుడు అబూబక్ర్ రాజీ అభిప్రాయపడ్డారు.

ఇమామ్ గారి శిష్యులైన అబూ యూసుఫ్, ముహమ్మద్ గార్లు దీనిని అంగీకరించలేదు. మనిషి తన స్వంత హక్కు విషయంలో చేసుకునే ఏర్పాటుకు మరొకరి అనుమతి ఎందుకన్నది వారి వాదం. 1869–76 మధ్య ఉస్మానియా రాజ్యం రూపొందించిన ‘మజల్లా’ 1516వ అధికరణలో శిష్యుల మాటనే స్వీకరించింది. వాది ప్రతివాదులిద్దరూ తమకు ఇష్టమైనవారిని వకీలుగా పెట్టుకోవచ్చు. ఎదుటివాని అంగీకారం అక్కరలేదు.

అయినా గురువుగారి శంక అంతటితో తీరిపోలేదు. ఆధునిక కాలంలో తగాదాలు న్యాయస్థానం దాటి అధికారుల గదులకు చేరినపుడు అదే ప్రశ్న తిరిగి ఎదురైనది. భారతదేశపు 1947 నాటి పారిశ్రామిక వివాదాల చట్టం ప్రకారం రాజీ అధికారి ముందు న్యాయవాదికి ప్రవేశమే ఉండేది కాదు. ట్రిబ్యునల్ ముందు ఎదుటిపక్షం అంగీకారంతోబాటు ట్రిబ్యునల్ అనుమతి కూడా కావలసి ఉండేది. డబ్బున్న యాజమాన్యం పేరుమోసిన వకీలును తెస్తే కార్మికుని గతి ఏమిటన్న ఆందోళన ఇందులో కనిపిస్తుంది. ఇది అబూ హనీఫా గారి శంకకు ఎంతో దగ్గరది.

ఎదుటిపక్షం ప్రభుత్వమే అయినపుడో? 1980 నాటి జాతీయ భద్రతా చట్టం క్రింద నిర్బంధితుడైనవాడు సలహా మండలి ముందు న్యాయవాదిని నిలుపుకోలేడు. ఎ.కె. రాయ్ కేసులో 1981 డిసెంబరు 28న సుప్రీంకోర్టు ఈ నిషేధాన్ని కొట్టివేయలేదు. రాజ్యాంగం 22వ అధికరణమే అందుకు వీలు కల్పించిందని పేర్కొన్నది. కాని ప్రభుత్వం న్యాయవాదినిగాని, న్యాయ సలహాదారునిగాని వినియోగిస్తే నిర్బంధితునికీ ఆ అవకాశం ఇవ్వవలసిందేనని చెప్పింది. న్యాయవాది కాని స్నేహితుని సహాయం అతడు పొందవచ్చునని కూడా తీర్పునిచ్చింది.

గురుశిష్యుల అభిప్రాయాలు వేరైనా వారి దృష్టి ఒక్కదానిపైనే ఉన్నది: మాట చాతకానివాడు తన హక్కు పోగొట్టుకోరాదు. వకీలు రాక వల్ల అతనికి హాని కలుగుతుందని గురువు శంకించారు. వకీలు లేకపోవడం వల్ల కలిగే హానికి శిష్యుల మాట దారి మూసింది. వకాలత్ మూలంలో వకీలు హక్కు కాదు, మువక్కిల్ హక్కు. అధికారి గది తలుపు ఒక పక్షం వకీలుకు తెరచి, రెండవ పక్షానికి మూసివేయడాన్ని గురువు మాటగాని, శిష్యుల మాటగాని సమర్థించదు.