నమలకుండా మింగిన మాటలు

తెలుగులో మనం మింగే పదార్థాలు ఎన్ని ఉన్నాయో ఎప్పుడయినా లెక్కపెట్టారా? అన్నం సంగతి కాదు నేను చెప్పేది. దుఃఖాన్ని దిగమింగుతాం. కోపం వస్తే మింగేసి ఊరుకుంటాం. అత్తగారు అన్న మాటని మింగలేక, కక్కలేక అవస్థ పడతాం. పక్కింటావిడ మెళ్ళో కొత్త నెక్లెసు ఒక పట్టాన జీర్ణం కాదు. మనసుకి కూడా ఒక నోరూ, ఒక పొట్టా ఉన్నాయని మన భాషకి ఏనాడో తెలుసన్నమాట. సరిగ్గా ఈ సంగతి మీదే ఒక మనోవైద్య విధానం నిలబడిందనీ, దాని మొదట్లో పాలిచ్చే తల్లి ఒకావిడ రాసుకున్న నోట్సు ఉందనీ చదివినప్పుడు నాకెంతో ముచ్చటేసింది. ఆ తల్లి పేరు ముఖ్యమైన పుస్తకాల అట్టల మీదకి రానేలేదని తెలిశాక ఆ ముచ్చట కాస్త చల్లారింది.

ఆ విధానం పేరు గెస్టాల్ట్ థెరపీ. కనిపెట్టిందెవరని అడిగితే ఫ్రిట్జ్ పెర్ల్స్ అని ఠక్కున చెబుతారు. తెల్లగడ్డం, చేతిలో సిగరెట్టు, చుట్టూ శిష్యబృందం – ఋషిలాగా ఉంటాడు ఫోటోల్లో. నేను చెప్పబోయేది ఆయన గురించి కాదు, ఆయన భార్య లారా గురించి. అయితే భార్యల కథ చెప్పాలంటే భర్తల్ని వదిలేసి చెప్పడం ఎక్కడా కుదరదు కదా, ఆయన కూడా మధ్యమధ్య వస్తూంటాడు.

పుట్టింటివాళ్ళు పెట్టిన పేరు లోరె పోస్నర్. 1905లో జర్మనీలోని ఫోర్ట్స్‌హైమ్‌లో పుట్టింది. అది నగల పనికి పేరుపడిన ఊరు. వాళ్ళ నాన్నగారిదీ నగల వ్యాపారమే. కలిగిన యూదు కుటుంబం. చిన్నతనం నుంచీ పియానో, ఆ తర్వాత నాట్యం. ఆడపిల్లలు పెద్ద చదువులకి వెళ్ళడం ఆ దేశంలో కూడా అప్పటికింకా కొత్తే. లారా ఫ్రాంక్‌ఫర్ట్ విశ్వవిద్యాలయంలో మనస్తత్వశాస్త్రం చదివి, గెల్బ్ అనే ప్రొఫెసరు దగ్గర పరిశోధన చేసి 1932లో డాక్టరేటు తీసుకుంది.

గెస్టాల్ట్ అంటే జర్మన్‌లో ఆకారం, రూపు అని అర్థం. మాక్స్ వెర్ట్‌హైమర్ అనే ఆయన ఫ్రాంక్‌ఫర్ట్‌లో చేసి 1912లో ప్రచురించిన ప్రయోగాలతో మొదలైంది ఈ సిద్ధాంతం. పక్కపక్కనే రెండు గీతల్ని ఒకదాని తర్వాత ఒకటి చప్పున చూపిస్తే, మన కంటికి రెండు గీతలు కనిపించవు. ఒకే గీత అటునుంచి ఇటు గెంతినట్టు కనిపిస్తుంది. అక్కడ లేని కదలికని మనసే కల్పించుకుంటుంది. చుక్కల ముగ్గు పెట్టేవాళ్ళకి దీన్ని విడమరిచి చెప్పక్కర్లేదు. ఏడు చుక్కలూ ఏడు వరసలూ పెట్టి గీతలు కలిపాక చుక్కలెవరికి కావాలి? పద్మమే కనిపిస్తుంది. ఒక్క గీత వదిలేసి లేచిపోతే, దారినపోయే వాళ్ళందరి చూపూ ఆ వదిలేసిన గీత మీదే పడుతుంది. మనిషిని కూడా ముక్కలుముక్కలుగా కాక మొత్తంగా చూడాలన్నాడు కుర్ట్ గోల్డ్‌స్టెయిన్ అనే మరో డాక్టరు. మొదటి ప్రపంచయుద్ధంలో మెదడుకి దెబ్బ తగిలిన సైనికులకి వైద్యం చేసినవాడాయన. 1926లో ఆయన దగ్గర సహాయకుడిగా చేరాడు బెర్లిన్ డాక్టరు ఫ్రిట్జ్ పెర్ల్స్. లారాకి అక్కడే పరిచయమయ్యాడు. ఆమె కంటే పన్నెండేళ్ళు పెద్దవాడు. ఇంట్లోవాళ్ళు వద్దంటే వద్దన్నారు. పెళ్ళి జరిగిపోయింది.

1931లో మొదటి బిడ్డ పుట్టింది. అసలు కథ ఇక్కడుంది. పిల్లని ఎలా పెంచాలో చెప్పే కరపత్రాలూ పుస్తకాలూ తెచ్చుకుని చదివిందిట లారా. ఒక్కటీ నచ్చలేదు. అన్నింట్లోనూ ఒకటే ధోరణి – అన్నీ మెత్తగా గుజ్జు చేసి పిల్ల నోట్లో కుక్కేయడం. పళ్ళొచ్చిన పిల్ల కొరకాలనీ, నమలాలనీ తహతహలాడుతుంది కదా, ఆ నమిలే అవకాశం ఎవరూ ఇవ్వడంలేదేమిటీ అనుకుంది. చంటిపిల్లకి పాలిస్తూ, పాలు మాన్పిస్తూ, తిండి అలవాటు చేస్తూ తను గమనించినవన్నీ కాగితం మీద పెట్టింది.

ఇంతలో 1933 వచ్చింది. హిట్లర్ వచ్చాడు. పెర్ల్స్ దంపతులు యూదులే కాదు, వామపక్షం వాళ్ళు కూడా. పిల్లని తీసుకుని హాలండ్ పారిపోయారు. అక్కడ పరాయివాళ్ళ దయాధర్మాల మీద, చలిలో ఇరుకు గదిలో కాలక్షేపం. 1934లో దక్షిణాఫ్రికాలోని జొహానెస్‌బర్గ్ చేరారు. అక్కడ దశ తిరిగింది. 1935లో మనోవిశ్లేషణ సంస్థ పెట్టారు. పెద్ద ఇల్లు, టెన్నిస్ కోర్టు, నౌకర్లు, రెండో బిడ్డ. అప్పటికింకా ఇద్దరూ ఫ్రాయిడ్ పద్ధతిలోనే వైద్యం చేసేవారు. రోగి సోఫా మీద పడుకుని చెబుతూంటే, డాక్టరు కనిపించకుండా వెనక కూచుని వినాలి. వెనక కూచుని ఫ్రిట్జ్ సిగరెట్ల మీద సిగరెట్లు కాల్చేవాడు. లారా స్వెట్టరు అల్లుకునేదిట. ఇది చదివి నవ్వుకున్నాను. వేలు ఊలు మీదున్నా చెవి కథ మీదే ఉండటం మనకి తెలిసిన విద్యే కదా.

1936లో మారియన్‌బాద్‌లో ఫ్రాయిడ్ శిష్యుల మహాసభ జరిగింది. అక్కడికి ఫ్రిట్జ్ ఒక వ్యాసం పట్టుకెళ్ళాడు. తిండి, నమలడం, నోటితో వ్యక్తమయ్యే ప్రతిఘటన – ఇదీ విషయం. అందులోని ముడిసరుకు బిడ్డకి పాలిస్తూ లారా రాసుకున్న ఆ కాగితాలే. సభలో పెద్దలెవరికీ నచ్చలేదు. ఆ ప్రయాణంలోనే గురువుగారి దర్శనానికి వియన్నా వెళితే ఫ్రాయిడ్ లోపలికి కూడా రమ్మనకుండా, గుమ్మంలోనే నాలుగు మాటలు మాట్లాడి, తిరుగు ప్రయాణం ఎప్పుడని అడిగాడుట. ఆ అవమానాన్ని ఫ్రిట్జ్ బతికినంతకాలం నెమరు వేసుకుంటూనే ఉన్నాడు. మనసులో ఏదీ మిగుల్చుకోవద్దని లోకానికి చెప్పినాయన!

1942లో దర్బన్‌లో ఒక పుస్తకం అచ్చయింది. పేరు ‘ఈగో, హంగర్ అండ్ అగ్రెషన్’ – అహం, ఆకలి, దూకుడు. అందులో నిద్రపట్టకపోవడం గురించీ, పిల్లల నోట్లో పెట్టే ఉత్త పాలపీక గురించీ ఉన్న అధ్యాయాలు లారా రచనలే. పీక చీకుతూంటే ఏదో దొరికినట్టే ఉంటుంది, కడుపులోకి ఏమీ పోదు. పెద్దవాళ్ళలో చాలామంది స్నేహాల్నీ, పుస్తకాల్నీ, కాపురాల్నీ అలా చీకుతూనే ఉంటారన్నది అక్కడి మాట. పుస్తకం మీద ఒకటే పేరు – ఫ్రిట్జ్‌ది. మొదటి ముద్రణ ముందుమాటలో భార్యకి కృతజ్ఞతలు చెప్పాడు. తర్వాతి ముద్రణలో ఆ కృతజ్ఞతలు కూడా మాయమైపోయాయి.

పుస్తకంలోని ముఖ్య విషయం మనకి పనికొచ్చేది. చంటిపిల్ల పాలు గటగటా మింగుతుంది, సరే. పళ్ళొచ్చాక ఏదయినా కొరికి, నమిలి, రుచి చూసి, పనికొచ్చేది ఒంటికి పట్టించుకుని, పనికిరానిది ఉమ్మేయాలి. మాటలూ అంతే. ‘నువ్వు పెద్దదానివి, సర్దుకుపోవాలి’, ‘ఆడపిల్ల అంత గట్టిగా నవ్వకూడదు’ – ఇవన్నీ ఒకప్పుడు ఎవరో నోట్లో పెట్టినవే. నమలకుండా మింగాం. అరగలేదు, బయటికీ రాలేదు. నలభయ్యేళ్ళకి కూడా రాయిలా అక్కడే ఉంటాయి. వీటిని వాళ్ళు ‘ఇంట్రోజెక్షన్’ అనేవారు. పెద్దల మాటలన్నీ పారేయమని కాదండోయ్! నమిలి చూసుకోమని. కొరకడానికి పళ్ళు కావాలి, అంటే కాస్త దూకుడు కావాలి. అది పాపం కాదు, ఆరోగ్యమే అన్నారు. ఓర్పుని ఒడ్డాణంలా తొడిగి పెంచిన మనకి ఈ ఒక్క వాక్యం చాలు, నాలుగు రోజులు నమలడానికి.

యుద్ధమయ్యాక 1946లో ఫ్రిట్జ్, 1947లో పిల్లలతో లారా అమెరికా చేరారు. 1951లో ‘గెస్టాల్ట్ థెరపీ’ అన్న పుస్తకం వచ్చింది. అట్టమీద ముగ్గురి పేర్లు – పెర్ల్స్, హెఫర్‌లైన్, గుడ్‌మన్. ముగ్గురూ మగవాళ్ళే. లారా పేరు లేదు. 1952లో న్యూయార్క్‌లో శిక్షణ సంస్థ మొదలైంది. కొన్నేళ్ళకే ఫ్రిట్జ్ ఊరు వదిలి మయామీ, అక్కణ్ణుంచి కాలిఫోర్నియా వెళ్ళిపోయాడు. విడాకులు తీసుకోలేదు, కాపురమూ లేదు. పిల్లల్నీ, సంస్థనీ లారాయే నడుపుకొచ్చింది.

ఇక వైద్యం ఎలా చేస్తారు? గతం తవ్విపోయడం కంటే, ఇప్పుడు ఈ గదిలో ఏం జరుగుతోందో చూడమంటారు. ‘నాకేం బాధ లేదండీ’ అంటూ పిడికిలి బిగిస్తే, ఆ పిడికిలి ఏమంటోందని అడుగుతారు. వదిలేసిన ముగ్గుగీత లాంటి సంగతులుంటాయి కదా – చచ్చిపోయిన తండ్రితో అనలేకపోయిన మాట, దెబ్బలాట మధ్యలో వెళ్ళిపోయిన చెల్లెలు – వాళ్ళని ఎదురుగా ఖాళీ కుర్చీలో ఊహించుకుని, ఆ మాట ఇప్పుడు అనమంటారు. తర్వాత ఆ కుర్చీలోకి మారి వాళ్ళ తరఫున జవాబు చెప్పమంటారు. ఈ నాటకపు ఎత్తు మొరెనో అనే ఆయన దగ్గర నేర్చుకున్నది. అర్ధాంతరంగా ఆగిన పని మనసుని పట్టుకుని వేళ్ళాడుతుందని 1927లో బ్లూమా జైగార్నిక్ అనే అమ్మాయి బెర్లిన్‌లో ప్రయోగాలు చేసి చెప్పింది. తర్వాత చేసిన వాళ్ళందరికీ అదే ఫలితం రాలేదు. అయినా వంటింట్లో పాలు పొయ్యి మీద పెట్టి పేరంటానికొచ్చిన ఏ ఆడదాన్నడిగినా జైగార్నిక్ పక్షమే మాట్లాడుతుంది.

1964 నుంచి కాలిఫోర్నియాలో ఎసాలెన్ అనే చోట ఫ్రిట్జ్ పేరు మారుమోగింది. (అన్నట్టు, ఆ సంస్థ స్థాపకుల్లో ఒకడైన మైకేల్ మర్ఫీ అంతకుముందు మన పాండిచ్చేరి అరవిందాశ్రమంలో ఉండి వెళ్ళినవాడే.) ఆయన పద్ధతిలో గుంపంతా చుట్టూ కూచుంటుంది. ఒక్కరు వచ్చి ఆయన పక్కన ‘హాట్ సీట్’లో కూచోవాలి. మిగిలినవాళ్ళు ప్రేక్షకులు. పది నిమిషాల్లో ఏడిపించేవాడు, ఇరవై నిమిషాల్లో నవ్వించేవాడు. 1965లో విడుదలైన ఒక శిక్షణ చిత్రంలో ఈ తీరు చూడవచ్చు. భర్తనుంచి విడిపోయిన ముప్ఫయ్యేళ్ళ గ్లోరియాతో ముగ్గురు ప్రసిద్ధులు ఒకరి తర్వాత ఒకరు మాట్లాడతారు. భయంగా ఉందని చెప్పి ఆమె నవ్వుతుంది. భయపడేవాళ్ళు నవ్వుతారా, నువ్వు నటిస్తున్నావని మీద పడతాడు ఫ్రిట్జ్. ఆమెకి కోపం ముంచుకొస్తుంది. ఆ కోపమే నిజమైన నువ్వు అన్నట్టు చూస్తాడాయన. ముగ్గురిలో ఆయనే ఎక్కువ ఉపయోగపడ్డాడని ఆమె అప్పటికప్పుడు అంది. కానీ 1979లో పోయేవరకూ ఉత్తరాలు రాస్తూ వచ్చింది మాత్రం ఆ ముగ్గురిలో మరొకాయనకి – ఓర్పుగా విన్న కార్ల్ రోజర్స్‌కి.

ఆయన చెప్పింది తప్పని నేననను. కానీ భయపడుతూ నవ్వడం నటన ఎందుకవుతుంది? పెళ్ళిచూపుల్లో కూచున్న ప్రతి పిల్లా అలాగే నవ్వింది. ఆ నవ్వు ఆ పూట ఆమెకి ఊతకర్ర. కర్ర లాగేస్తే నడక రాదు. నేను కథల్లో మనుషుల్ని ఏడిపించి బతికేదాన్ని కనక ఈ సంగతి మరీ తెలుసు – ఏడిపించడం సులువు, లేపి నిలబెట్టడమే పని.

లారా వైద్యం ఇక్కడే వేరు. ‘ఆసరా’ ఆమెకి ముఖ్యమైన మాట. మనిషికి ఒక కొత్త అడుగు వేయడానికి ఎంత ఆసరా కావాలో అంతే ఇవ్వాలి, అంతకు మించి వద్దు అనేది. నాట్యం నేర్చిన మనిషి కదా, వచ్చినవాళ్ళు ఎలా నిలబడ్డారో, కుర్చీలో వీపు ఆనించారో లేదో, ఊపిరి ఎక్కడ బిగబట్టారో చూసేది. గుంపులో ఒకరికి సాయం చేస్తూంటే మిగిలినవాళ్ళు తమాషా చూసేవాళ్ళుగా మిగలకూడదని క్లీవ్‌లాండ్‌లో తర్వాతి తరం వాళ్ళు గట్టిగా పట్టుబట్టారు. వాళ్ళలో ఎర్వింగ్, మిరియం పోల్‌స్టర్ దంపతులు 1973లో రాసిన పుస్తకం మీద ఇద్దరి పేర్లూ పక్కపక్కనే ఉన్నాయి. ఇరవై రెండేళ్ళు పట్టిందన్నమాట.

ఖాళీ కుర్చీ పద్ధతిని కెనడాలో లెస్లీ గ్రీన్‌బర్గ్ ఏళ్ళ తరబడి పరీక్షించి చూశాడు. మనసులో మానని గాయాలున్న వాళ్ళకి అది ఉపయోగపడుతోందని తేల్చాడు. అయితే ఆయన చేతుల్లో ముందు రోగితో నమ్మకం కుదరాలి, ఆ తర్వాతే కుర్చీ.

ఫ్రిట్జ్ 1970లో షికాగోలో పోయాడు. లారా ఇంకో ఇరవయ్యేళ్ళు న్యూయార్క్ కేంద్రంగా దేశదేశాల వాళ్ళకి ఈ విద్య నేర్పుతూనే ఉంది. పేరు విషయం అడిగినవాళ్ళకి, ఆ పుస్తకంలో ఏది తను రాసిందో, ఏది తన నోట్సులోంచి వచ్చిందో మొహమాటం లేకుండా చెప్పింది. 1990లో పుట్టిన ఊరు ఫోర్ట్స్‌హైమ్‌లోనే కన్నుమూసింది. ఆమె వ్యాసాలు, ఉపన్యాసాలు పోగుచేసిన పుస్తకం రెండేళ్ళ తర్వాత 1992లో అచ్చయింది. దాని అట్టమీద రచయిత్రి పేరు లారా పెర్ల్స్.