తొంభై రోజులు దాటితే

2023 ఫిబ్రవరిలో అబ్దుల్లాపూర్‌మెట్ పేరు తెలంగాణ అంతటా మారుమోగింది. ఇంజనీరింగ్ చదివే కుర్రాణ్ణి స్నేహితుడే దారుణంగా చంపాడన్నది కేసు. ప్రధాన నిందితుడు లొంగిపోయాడు. సాక్ష్యాలు దాచడంలో పాలుపంచుకున్నారన్న ఆరోపణపై మరో ఇద్దరిని అరెస్టు చేశారు. వారిలో ఒకరికి మార్చిలోనే బెయిలొచ్చింది. హత్య కేసులో అప్పుడే బెయిలా అని ఎవరికైనా అనిపిస్తుంది. కడుపుకోత మిగిలిన ఇంటికైతే అది పుండు మీద కారమే.

ఎల్బీనగర్‌లోని రంగారెడ్డి కోర్టులోనైనా, ఢిల్లీలోనైనా బెయిలు పిటిషన్‌పై జడ్జి తేల్చేది నేరం చేశాడా లేదా అన్నది కాదు. బయటికొస్తే పారిపోతాడా, సాక్షులను బెదిరిస్తాడా, మళ్లీ నేరానికి దిగుతాడా అన్నది చూస్తారు. ఆరోపణ ఎంత తీవ్రమైనది, అందులో ఆ మనిషి పాత్ర ఎంత, ప్రాథమిక ఆధారాలేమున్నాయి అన్నవీ లెక్కలోకొస్తాయి. అందుకే ఒకే కేసులో ఒకరు జైల్లో ఉంటే మరొకరు ఇంటికి వెళ్తారు.

ఈ ఆలోచనకు రూపమిచ్చిన తీర్పుల్లో ఒకటి తెలుగు నేల నుంచి వెళ్లిన హత్య కేసులోనిదే. గుడికంటి నరసింహులు తదితరులను సెషన్స్ కోర్టు నిర్దోషులంది. హైకోర్టు ఆ తీర్పును తిరగేసి యావజ్జీవ శిక్ష వేసింది. అప్పీలు సుప్రీంకోర్టులో ఉండగా వాళ్లు బెయిలు అడిగారు. 1977 డిసెంబర్ 6న జస్టిస్ వి.ఆర్. కృష్ణయ్యర్ ఇచ్చారు. అంతకుముందు బెయిలుపై ఉన్నప్పుడు దాన్ని దుర్వినియోగం చేయలేదని, ఇంట్లో మగవాళ్లంతా జైల్లోనే ఉన్నారని గమనించారు. అలాగని ఊరికే వదిలేయలేదు. ధర్మవరంలోనే ఉండాలి, రోజూ పోలీస్ స్టేషన్‌లో హాజరు వేయించుకోవాలి. ఇటు స్వేచ్ఛ, అటు ఊరి ప్రశాంతత, రెంటినీ కాపాడిన ఉత్తర్వు అది.

జనం కోపమంతా జడ్జిల మీదే. ఆ కోపంలో కొంత దర్యాప్తు మీదికి మళ్లాలి. హత్య లాంటి కేసుల్లో అరెస్టయిన నిందితుణ్ణి రిమాండ్‌కు పంపిన నాటి నుంచి 90 రోజుల్లో చార్జిషీట్ వేయకపోతే, షూరిటీలు పెట్టడానికి సిద్ధపడ్డ నిందితుడికి బెయిలు హక్కుగా వస్తుంది. అప్పుడు ఆధారాల బలాబలాలు చూడటానికే వీలుండదు. మాజీ మంత్రి వై.ఎస్. వివేకానందరెడ్డి 2019 మార్చి 15న పులివెందులలో హత్యకు గురయ్యారు. చార్జిషీట్ గడువు దాటడంతో ప్రధాన నిందితుడు ఎర్ర గంగిరెడ్డికి ఆ జూన్‌లో సరిగ్గా ఇలాగే బెయిలొచ్చింది. ఇది చిన్న పొరపాటు కాదు. హత్య కేసులో గడువు దాటనివ్వడమంటే జైలు తలుపు దర్యాప్తు సంస్థే తీసినట్టు.

తర్వాత కేసు సీబీఐకి వెళ్లింది. గడువు మీరినందుకు వచ్చిన బెయిలునైనా, చార్జిషీట్ పడ్డాక బలమైన కారణాలుంటే కేసు మంచిచెడ్డలు చూసి రద్దు చేయవచ్చని 2023 జనవరి 16న సుప్రీంకోర్టు తేల్చింది. ఏప్రిల్ 27న తెలంగాణ హైకోర్టు గంగిరెడ్డి బెయిలును రద్దు చేసింది. అయితే జూలై 1న మళ్లీ విడుదల చేయాలని అదే ఉత్తర్వులో రాసింది! వివేకా కుమార్తె సునీత సుప్రీంకోర్టు తలుపు తట్టారు. విడుదలపై స్టే వచ్చింది.

బాధిత కుటుంబానికి బెయిలు విచారణలో మాట్లాడే హక్కుందని అంతకు ఏడాది ముందే, 2022 ఏప్రిల్ 18న, ఉత్తరప్రదేశ్‌లోని లఖింపూర్ ఖేరీ హత్యల కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. ఆ ధర్మాసనానికి నేతృత్వం వహించింది ఎన్టీఆర్ జిల్లా (అప్పటి కృష్ణా జిల్లా) పొన్నవరానికి చెందిన జస్టిస్ ఎన్.వి. రమణ. ఎల్బీనగర్ కోర్టు మెట్లెక్కే ఏ తల్లిదండ్రులైనా తమ లాయరు ద్వారా ఆ హక్కును వాడుకోవచ్చు.